స్పేస్ షూటర్‌లో ఎన్ని రకాల శత్రువులు కావాలి? ముందు హీరోకి ఏం చేతకాదో తేల్చుకోండి

మీ ప్రశ్న నాకు అర్థమైనంత వరకు ఇదీ: పాత ఆర్కేడ్ ఆటల పద్ధతిలో ఒక స్పేస్ షూటర్, అంటే అంతరిక్ష నౌకతో శత్రువుల్ని కాల్చే ఆట, తయారుచేస్తున్నారు. హీరో షిప్ నాలుగు దిక్కులా తిరుగుతుంది, ఆపకుండా కాలుస్తుంది, మూడు ఆయుధాలున్నాయి. శత్రువుల బొమ్మలు తొమ్మిది రకాలు గీశారు. అయినా ఆడినవాళ్లు రెండు నిమిషాలకే పక్కన పెట్టేస్తున్నారు. ఇంకో నాలుగైదు రకాల శత్రువుల్ని చేర్చాలా, లేక హీరోకి ఇంకా బలమైన ఆయుధాలు ఇవ్వాలా అని అడిగారు.

రెండూ వద్దండి. శత్రువుల్ని నాలుగు రకాలకు తగ్గించండి. హీరో దగ్గరున్న శక్తుల్లో కొన్ని తీసేయండి. ఈ తరహా ఆటల్లో శత్రువు పుట్టేది హీరో బలహీనతలోంచి. మీ హీరోకి చేతకానిదంటూ ఏమీ లేకపోతే శత్రువుకి చేయడానికి పని ఉండదు. అప్పుడు తొమ్మిది బొమ్మలూ తొమ్మిది రంగుల్లో ఒకే పని చేస్తాయి: పైనుంచి దిగుతాయి, దెబ్బ తిని పేలిపోతాయి.

నేను చాలా ఏళ్లుగా చిన్న చిన్న షూటర్లు చేస్తున్నాను, వేరేవాళ్లు చేసినవాటిని కూర్చుని సరిచేయడంలో సాయం చేస్తున్నాను. మీరు చెప్పిన సమస్యే నా దగ్గరికి అన్నిటికంటే ఎక్కువగా వస్తుంది. అందుకే కొంచెం వివరంగా రాస్తున్నాను.

మొదట స్పేస్ ఇన్వేడర్స్ తీసుకుందాం. 1978లో టైటో సంస్థ కోసం తొమొహిరో నిషికాడో చేసిన ఆట. అందులో హీరో ఎంత పేదవాడో చూడండి. అదొక ఫిరంగి, అంతే. ఎడమకీ కుడికీ తప్ప కదల్లేదు. స్క్రీన్ మీద దాని బుల్లెట్ ఒక్కసారికి ఒక్కటే ఉంటుంది. అది దేనికైనా తగలాలి, లేదా పైకి పోయి మాయమవ్వాలి. అప్పటిదాకా మళ్లీ కాల్చడం కుదరదు. ఈ ఒక్క నియమం వల్ల ప్రతి గురీ ఒక నిర్ణయమవుతుంది. గురి తప్పితే పోయేది బుల్లెట్ కాదు, సమయం. ఎదురుగా ఉన్న 55 శత్రువులు (11 నిలువు వరుసలు, 5 అడ్డ వరుసలు) సరిగ్గా ఆ సమయం మీదే దాడి చేస్తాయి. అంచు తాకిన ప్రతిసారీ ఒక మెట్టు కిందికి దిగుతాయి.

ఆ గుంపు తగ్గేకొద్దీ వేగం పెరగడం మీరు గమనించే ఉంటారు. అది ముందు అనుకుని చేసింది కాదు. ఆ యంత్రంలోని ఇంటెల్ 8080 ప్రాసెసర్ మీద ఒక్కో ఫ్రేమ్‌లో (స్క్రీన్ మీద బొమ్మ ఒక్కసారి మారే సమయంలో) ఒక్కో శత్రువునే జరపడం కుదిరేది. 55 ఉన్నప్పుడు గుంపంతా ఒక అడుగు వేయడానికి 55 ఫ్రేములు పట్టేది. ఒక్కటే మిగిలితే అది ప్రతి ఫ్రేమ్‌కీ అడుగు వేసేది. నిషికాడో దాన్ని సరిచేయకుండా అలాగే ఉంచేశారు. నాకు ఆయన మీద అన్నిటికంటే గౌరవం కలిగించే నిర్ణయం అది. ఎందుకంటే ఆ ఒక్క కారణంతో బలహీనమైన శత్రువు, అంటే చివరిగా మిగిలినది, అందరికంటే ప్రమాదకరమైనదైంది. నేపథ్యంలో ఆ నాలుగు స్వరాల చప్పుడు కూడా దాంతోపాటే వేగం పుంజుకుంటుంది. బొమ్మ మారలేదు, ఆయుధం మారలేదు. హీరోకున్న ఒక్క బుల్లెట్ అనే లోటు మీద ఒత్తిడి మాత్రం పెరిగింది.

ఇంకో చిన్న సంగతి. ఇన్వేడర్లు మూడు రకాల బుల్లెట్లు వేస్తాయి. వాటిలో ఒకటి హీరో ఏ నిలువు వరుస కింద ఉన్నాడో చూసి అక్కడినుంచే దిగుతుంది. మిగతావి ముందుగా రాసిపెట్టిన పట్టిక ప్రకారం పడతాయి. అంటే ఒకటి మిమ్మల్ని ఉన్నచోటి నుంచి లేపుతుంది, మిగతావి మీరు పరిగెత్తే దారిలో పడతాయి. మీ ఆటలో తొమ్మిది రకాల శత్రువులూ ఒకే రకం బుల్లెట్ నేరుగా కిందికి వేస్తున్నాయని రాశారు కదా. ఇక్కడినుంచే మొదలుపెట్టండి.

మరుసటి సంవత్సరం, 1979లో, నామ్కో వాళ్ల గాలాక్సియన్ వచ్చింది. హీరో లోటు అదే: అడ్డంగానే కదలాలి, ఒక్కటే బుల్లెట్. మారింది శత్రువు నడక. బారులోంచి విడిపోయి వంకరగా హీరో మీదికి దూకుతుంది. అడ్డంగా మాత్రమే కదిలేవాడికి ఏటవాలుగా వచ్చేదాన్ని కొట్టడం ఎంత కష్టమో ఆడితే తెలుస్తుంది. ఇక ఫ్లాగ్‌షిప్, అంటే గుంపుకి నాయకుడైన నౌక, ఇద్దరు అంగరక్షకుల్ని వెంటేసుకుని దిగినప్పుడు ముందు వాళ్లిద్దర్నీ కొట్టి, ఆఖర్న దాన్ని కొడితే 800 పాయింట్లు. సులువైన వరుసలో కొడితే అంత రాదు. శత్రువు ఇక్కడ ప్రమాదంతోపాటు ఆశ కూడా చూపిస్తోంది.

చదరంగంలో పావుని గుర్తుపట్టేది బొమ్మను బట్టి కాదు, నడకను బట్టి. షూటర్‌లో శత్రువుదీ అంతే. అందుకే నా దగ్గరికి వచ్చిన ప్రతి ఆటకీ నేను ముందు ఒక పరీక్ష పెడతాను. శత్రువులన్నిటి బొమ్మలూ తీసేసి, ఒకే సైజు తెల్ల చతురస్రాలు పెట్టండి. ఆట తెలియని మనిషి చేత పది నిమిషాలు ఆడించండి. "ఇందులో ఎన్ని రకాలున్నాయి?" అని అడగండి. ఆ మనిషి చెప్పిన సంఖ్యే మీ ఆటలో నిజంగా ఉన్న శత్రువుల సంఖ్య.

ఒక కుర్రాడి ఆటలో ఇలాగే చేశాం. అందులోనూ మీలాగే బోలెడు బొమ్మలున్నాయి, చాలా అందంగా గీశాడు. ఆడినవాళ్లు "రెండు రకాలు: నెమ్మదిగా వచ్చేవి, వేగంగా వచ్చేవి" అన్నారు. తర్వాత మేం చేసింది కొత్తవి చేర్చడం కాదు. మిగతా బొమ్మల్ని ఒకే నడకకి వేర్వేరు స్టేజీల్లో వేషాలుగా వాడుకుని, నడకలు మాత్రం నాలుగు ఉంచాం. ఆ నాలుగూ ఇవి. ఒకటి దారికి అడ్డంపడేది: కాల్చదు, ఊరికే చోటు ఆక్రమిస్తుంది. రెండోది హీరోని ఉన్నచోటి నుంచి కదిలించేది: గురిచూసి కాలుస్తుంది. మూడోది దూకేది. నాలుగోది ఆలస్యం చేస్తే వచ్చేది. దాదాపు ఏ క్లాసిక్ షూటర్‌నైనా విప్పి చూడండి, ఈ నాలుగు పనులే వేర్వేరు పాళ్లలో కనిపిస్తాయి.

కాల్చని శత్రువుని ఎవరూ లెక్కచేయరు. నా అనుభవంలో మాత్రం ఎక్కువ పని చేసేది అదే. ఒంటరిగా వస్తే అది ఏమీ కాదు. గురిచూసి కాల్చేదానితో కలిపి పంపండి. హీరో తప్పించుకోవాల్సిన దారిలో అది నిలబడి ఉంటుంది. ఇప్పుడు ఆటగాడు ముందు ఎవర్ని కొట్టాలో ఆలోచించాలి. అందుకే ఏ శత్రువునైనా ఒంటరిగా కాకుండా జంటలుగా పరీక్షించమంటాను. నాలుగు రకాలుంటే ఆరు జంటలు వస్తాయి. ఏ జంటలోనైనా "ముందు ఎవరు?" అనే ప్రశ్న రాకపోతే ఆ రెంటిలో ఒకదాని నడక మార్చాలి.

ఆలస్యం చేస్తే వచ్చేదాని గురించి కొంచెం చెప్పాలి, ఎందుకంటే మీ ఆటలో అది అసలు లేదు. ఆటగాడికి భద్రమైన మూల దొరికితే అక్కడే కూర్చుంటాడు, అది సహజం. 1979లో అటారీ తెచ్చిన యాస్టరాయిడ్స్‌లో హీరో షిప్‌కి జడత్వం ఉంటుంది. ఒకసారి ఇంజిన్ తోస్తే కాసేపు జారుతూనే పోతుంది, వెంటనే ఆపాలంటే వెనక్కి తిరిగి తోయాలి. చుట్టూ తేలే రాళ్లు మాత్రమే ఉంటే ఆటగాడు ఉన్నచోటే గుండ్రంగా తిరుగుతూ కాల్చుకోవచ్చు. అందుకే సాసర్లు, అంటే ఎగిరే పళ్లేల్లాంటి శత్రు నౌకలు, వస్తాయి. పెద్దది ఎటుపడితే అటు కాలుస్తుంది, కొడితే 200. చిన్నది గురిచూస్తుంది, కొడితే 1000. ఆటగాళ్లు ఇందులోనూ ఒక చిట్కా కనిపెట్టారు. ఒక చిన్న రాయిని కావాలనే మిగిల్చి, సాసర్ల కోసం కాచుకుని కూర్చునేవారు. 1981లో విలియమ్స్ సంస్థ నుంచి యూజీన్ జార్విస్ బృందం తెచ్చిన డిఫెండర్‌లో అలా కాచుకోవడం కుదరదు. స్టేజ్ ముగించడం ఆలస్యం చేస్తే బైటర్ అనే వేగమైన శత్రువు వెతుక్కుంటూ వస్తుంది. దాని పనల్లా తాత్సారం చేసేవాణ్ణి తరమడమే.

డిఫెండర్‌ని ఇంకో కారణానికి కూడా గమనించాలి. అందులో ల్యాండర్లు అనే శత్రువులకి హీరోని చంపడం అసలు లక్ష్యం కాదు. నేలమీద పది మంది మనుషులుంటారు. ల్యాండర్ ఒకణ్ణి ఎత్తుకుని పైకి పోతుంది. పై అంచు చేరిందా, ఇద్దరూ కలిసి మ్యూటెంట్ అనే మరో రకం శత్రువుగా మారి మీ మీద పడతారు. పదిమందీ పోతే గ్రహమే పేలిపోతుంది, మిగిలిన ల్యాండర్లన్నీ మ్యూటెంట్లైపోతాయి. ల్యాండర్‌ని మధ్యలో కొడితే మనిషి కిందపడతాడు. పట్టుకుంటే 500, నేలమీద దింపితే మరో 500. శత్రువు లక్ష్యం హీరో కాకుండా హీరో కాపాడాల్సినదైతే, హీరోకి తప్పించుకోవడం మాత్రమే సరిపోదు. శత్రువు వైపు తానే వెళ్లాలి. వేరే ఏ పద్ధతిలోనూ ఇంత సులువుగా ఆటగాణ్ణి ప్రమాదంలోకి రప్పించలేం. అయితే మొదటి ఆటకే దీన్ని పెట్టుకోకండి. స్క్రీన్ పక్కకి జరుగుతూ ఉండాలి, పైన రాడార్ కావాలి, బటన్లు పెరుగుతాయి. పని మూడింతలవుతుంది.

మీకు నేను నమూనాగా చూపించేది 1981 నాటి గాలాగా. హీరోకీ శత్రువుకీ మధ్య సంబంధం ఇంతకంటే బాగా అల్లిన పాత షూటర్ నాకు కనిపించలేదు. హీరోకి ఒకేసారి రెండు బుల్లెట్లు. బాస్ గాలాగాకి, అంటే శత్రువుల నాయకుడికి, రెండు దెబ్బలు పడాలి. మొదటి దెబ్బకి దాని రంగు మారుతుంది, అంటే ఇంకొక్కటే మిగిలిందని మాట అవసరం లేకుండా తెలుస్తుంది. ఆ బాస్ కిందికి దిగి ట్రాక్టర్ బీమ్ (షిప్‌ని లాగేసే కిరణం) వేసి మీ షిప్‌ని పట్టుకుపోతుంది. మీకు ఒక లైఫ్ పోయినట్టే. అదే మీ చివరి లైఫ్ అయితే ఆట ముగిసినట్టే. లైఫ్‌లు మిగిలి ఉంటే మాత్రం, ఆ బాస్ మీ షిప్‌ని వెంటబెట్టుకుని దూకినప్పుడు బాస్‌ని కొట్టండి. పట్టుబడిన షిప్ తిరిగొచ్చి పక్కన చేరుతుంది. ఇప్పుడు మీకు జంట షిప్, రెట్టింపు కాల్పులు. కానీ వెడల్పు కూడా రెట్టింపు, అంటే దెబ్బ తగిలే చోటూ రెట్టింపే. తొందరపడి బాస్‌కి బదులు మీ షిప్‌నే కొట్టారా, అది పోయినట్టే.

ఇందులో ఎన్ని పనులు ఒకేసారి జరుగుతున్నాయో చూడండి. శత్రువు హీరోలో భాగాన్ని ఎత్తుకుపోయింది. దాన్ని తిరిగి తెచ్చుకోవాలంటే శత్రువుని అందరికంటే ప్రమాదకరమైన క్షణంలో, అంటే మీద పడుతున్నప్పుడు, ఎదుర్కోవాలి. గెలిస్తే బలం వస్తుంది, ఆ బలంతోపాటు కొత్త బలహీనతా వస్తుంది. చాలామంది ఆటగాళ్లు కావాలనే తమ షిప్ శత్రువుకి పట్టుబడేలా చేస్తారు. శత్రువు చేతికి తనంతట తాను చిక్కాలని ఆటగాడికి అనిపించేలా చేయడం మామూలు విషయం కాదు. మీ మూడు ఆయుధాల బదులు ఇలాంటిది ఒక్కటి ఆలోచించండి.

పాయింట్లు కూడా ఇదే మాట చెబుతాయి. బాస్ గాలాగాని బారులో నిలబడి ఉండగా కొడితే 150. ఒంటరిగా దూకుతున్నప్పుడు 400. ఒక అంగరక్షకుడితో వస్తుంటే 800, ఇద్దరితో వస్తుంటే 1600. ఒకే శత్రువు, పది రెట్లకు పైగా తేడా. ఇక మూడో స్టేజ్‌లో, ఆ తర్వాత ప్రతి నాలుగు స్టేజీలకూ వచ్చే ఛాలెంజింగ్ స్టేజ్‌లో 40 శత్రువులు ఒక్క బుల్లెట్టూ వేయకుండా విన్యాసాలు చేస్తూ వెళ్లిపోతాయి. అన్నిటినీ కొడితే 10,000. అది విశ్రాంతి, అదే సమయంలో గురి నేర్చుకునే చోటు.

ఇప్పుడు ఆయుధాల సంగతి. మీరు గ్రేడియస్ లాంటి పవర్-అప్‌లు, అంటే ఆట మధ్యలో ఏరుకునే అదనపు శక్తులు, పెట్టాలనుకుంటున్నట్టు రాశారు. 1985 నాటి ఆ కొనామీ ఆటలో గుళికలు ఏరుకుంటూ కింద పట్టీలో కావలసిన శక్తిని ఎంచుకోవడం చాలా గొప్ప ఏర్పాటే. కానీ దానికో ఖరీదుంది. ఒక్కసారి చస్తే పోగేసుకున్నవన్నీ పోతాయి. కష్టమైన చోట బలం లేకుండా తిరిగి లేవడం అన్నిటికంటే కష్టం. మీరు శక్తులు ఇవ్వదలచుకుంటే, ప్రతి శక్తికీ ముందు రాసుకోవాల్సింది ఇది: ఈ శక్తి వచ్చాక ఏ శత్రువుకి పని లేకుండా పోతుంది? వెడల్పుగా చిమ్మే బుల్లెట్లు ఇస్తే ఏటవాలుగా దూకేది పనికిరాకుండా పోతుంది. ఆ తర్వాత దాన్ని పంపినా లాభం లేదు. నేనైతే ఒకే ఒక్క శక్తి ఇచ్చి, దానితోపాటు ఏదో ఒకటి తీసేసుకుంటాను. వేగం తగ్గొచ్చు, వెడల్పు పెరగొచ్చు.

కొన్ని కొలతలు కూడా చెబుతాను, ఎందుకంటే "అన్యాయంగా చచ్చిపోతున్నాం" అని ఆడినవాళ్లు అన్నారని రాశారు. అది శత్రువు బలంవల్ల రాదు, ముందస్తు సంకేతం లేకపోవడంవల్ల వస్తుంది. ఊహించనిదాన్ని చూసి మనిషి స్పందించడానికి దాదాపు పావు సెకను పడుతుంది. సెకనుకి 60 ఫ్రేములనుకుంటే 15 ఫ్రేములు. కాబట్టి దూకే శత్రువు దూకేముందు 20 నుంచి 30 ఫ్రేములపాటు ఏదో ఒకటి చేయాలి: వణకాలి, రెక్క విప్పాలి, కొంచెం వెనక్కి జరగాలి. ఒక చప్పుడు కూడా కలిపితే ఇంకా మంచిది, చూపు వేరేచోట ఉన్నా చెవికి అందుతుంది.

శత్రువు బుల్లెట్ హీరో బుల్లెట్ కంటే బాగా నెమ్మదిగా ఉండాలి. 240 పిక్సెళ్ల ఎత్తున్న స్క్రీన్ మీద నేను శత్రువు బుల్లెట్‌ని ఫ్రేమ్‌కి 2 పిక్సెళ్ల దగ్గర మొదలుపెడతాను, అంటే పైనుంచి కిందికి రెండు సెకన్లు. హీరో బుల్లెట్ దానికి మూడు రెట్లు. గురిచూసే శత్రువు కాల్చిన క్షణంలో హీరో ఎక్కడున్నాడో అక్కడికే కాల్చాలి. హీరో ఎటు పోతున్నాడో లెక్కగట్టి ముందుకి కాల్చేలా రాయకండి. గణితం అందంగానే ఉంటుంది, ఆటగాడికి మాత్రం మోసంగా తోస్తుంది. కదిలినందుకే చచ్చాను అనుకుంటాడు. స్క్రీన్ బయటినుంచి ఎవరూ కాల్చకూడదు. హీరోకి బాగా దగ్గరికి వచ్చిన శత్రువు కూడా కాల్చకూడదు, ఆ దూరంలో తప్పుకునే సమయమే ఉండదు. ఇక దెబ్బ తగిలే పరిధి: హీరోది బొమ్మ కంటే చిన్నగా, శత్రువులది బొమ్మ కంటే కొంచెం పెద్దగా పెట్టండి. కొన్ని పిక్సెళ్ల తేడాతో ఆట మొత్తం ఉదారంగా అనిపిస్తుంది, ఎవరూ గమనించరు కూడా.

శత్రువు నడకలో యాదృచ్ఛికత ఎంతుండాలన్నది మీ ఇంకో ప్రశ్న. నా జవాబు: చాలా తక్కువ. గాలాగాలో శత్రువులు స్టేజ్ మొదట్లో బారులోకి వచ్చే దారులు ముందే నిర్ణయించి ఉంటాయి, ఆటగాడు వాటిని నేర్చుకుంటాడు. నేర్చుకున్నది పనికొచ్చిందన్న తృప్తే మళ్లీ ఆడిస్తుంది. నేను దారిని స్థిరంగా ఉంచి, ఎవరు ఎప్పుడు దూకాలన్న దాంట్లో మాత్రమే కొంచెం అదృష్టం కలుపుతాను.

బొమ్మల గురించి క్లుప్తంగా. నల్లటి నేపథ్యం మీద ఆకారం చిన్నగా ఉన్నా దాని అంచు గీతను బట్టే తెలిసిపోవాలి. ఇన్వేడర్లు ఆక్టోపస్, పీత, స్క్విడ్ ఆకారాల్లో ఉండడంవల్లే పది పిక్సెళ్ల వెడల్పులోనూ గుర్తుంటాయి. మనుషుల్ని కాల్చే ఆట వద్దన్న అభ్యంతరం కూడా నిషికాడోని అటు నడిపించింది. హీరో రంగు శత్రువులెవ్వరికీ ఉండకూడదు. శత్రువుల బుల్లెట్లన్నిటికీ ఒకే రంగు, ఆ రంగు ఇంక దేనికీ వాడకూడదు. హీరోకి పేరూ కథా కావాలా అన్నారు. పెట్టుకుంటే మంచిదే, రెండు వాక్యాలు చాలు. ఆటగాడు హీరోని ప్రేమించేది షిప్ చేతికి ఎలా పలుకుతుందన్నదాన్ని బట్టి.

కాబట్టి మీ పని ఈ వరుసలో చేయమంటాను. మూడు ఆయుధాల్లో రెండు తీసేయండి. స్క్రీన్ మీద హీరో బుల్లెట్లు రెండుకి మించకుండా కట్టేయండి. నిలువు కదలికని కింది పావు భాగానికి పరిమితం చేయండి. శత్రువుల స్థానంలో తెల్ల చతురస్రాలు పెట్టి, ముందు కాల్చనిదాన్నీ గురిచూసి కాల్చేదాన్నీ మాత్రమే పంపండి. ఆ రెంటితోనే ఐదు నిమిషాలు ఆట నిలబడేదాకా మూడోదాన్ని ముట్టుకోకండి. బాస్‌ని అన్నిటికంటే చివర చేయండి. అప్పుడు కూడా దానికి కొత్త నడక కనిపెట్టనక్కర్లేదు. ఆటగాడికి అప్పటికే తెలిసిన నాలుగు నడకల్నీ ఒకే శరీరంలో, ఒకదాని తర్వాత ఒకటిగా వాడండి.